మూడు ఫ్రేములు

షార్జాల నాకు దొరికిన పని
దుమ్ము తుడుచుడు.
అద్దాల మేడలకు తాడు కట్టుకొని వేలాడాలె అనుకున్న,
ఏజెంటు గట్లనే చెప్పిండు.
తీరా వస్తె గోదాంల ఒక చీకటి గది,
గోడలకు నల్లగుడ్డ,
నడుమ ఇనుప స్తంభానికి
తల కిందికి వంచిన కెమెరా.
దాని ముంగట, తెల్ల చేజోళ్లు తొడుక్కొని
హోసోయ సారు.

"కనకా-సాన్, ఇక్కడ దుమ్మే దొంగ" అన్నడు.
ఆయన హిందీ నా హిందీ కంటె అధ్వాన్నం,
అందుకే మాకు కుదిరింది.

ముప్పయ్యొక్క ఏండ్లు కెమెరా పట్టి
ఒక్క మనిషి మొఖం తియ్యలే ఆయన.
సూర్యుణ్ణి తీసిండు:
నల్లకాయితానికి సూదితోని పొక్క పొడిచి
కిందికెల్లి బల్బు వెలిగించి.
సముద్రం తళతళలకు
పన్నెండు వందల పొక్కలు, ఒక్క రాత్రిల.
మంచు కావాల్నంటె
చిటికెన వేలితోని అద్దానికి వాసెలిన్ రాసేటోడు.
వాన కావాల్నంటె
నల్ల ఫిల్మును పిన్నుతోని గీరేటోడు.
బయట ఏడాదికి మూడు వానలు,
మా గదిల వారానికి రెండు ముసుర్లు.

నేను సిరిసిల్లోణ్ణి, పడుగూ పేకా తెలిసినోణ్ణి.
అద్దం మీద అద్దం, నడుమ జానెడు సందు:
అడుగున ఆకాశం, దాని మీద పడవ,
ఆ మీద ముత్యాలకు మునిగే పిల్లగాడు,
అన్నిటికన్న పైన వాని చెయ్యి ఒక్కటే.
పై అద్దం ఇంత జరిపి
కింది అద్దం వెంట్రుకంత జరిపేది.
"దూరమంటె ఏం లేదు కనకా-సాన్,
దగ్గరివి తొందరగ జరిగిపోవుడే."
ఆ మాట నేను రోలా బస్సుల కూసొని
నెలరోజులు నమిలిన.

పందొమ్మిదేండ్లకు టోక్యోల
సైకిల్ మీద రీళ్ల డబ్బాలు మోసిండట.
ఇరవై నాలుగుకు బల్ల దగ్గర నిలబడనిచ్చిన్రట.
తెర మీద పేరెప్పుడొస్తది అంటె
"అందరు చెప్పులు దేవులాడుకునేటప్పుడు" అని
పండ్లు కనబడకుండ నవ్విండు.

షమాల్ కొట్టిన రాత్రి
తలుపు కింద తడిబట్టలు కుక్కినం.
అయినా వచ్చింది, గోధుమపిండి లెక్క సన్నగ.
తుడిచిన కొద్దీ వాలుతుంటె
ఆగమాగంల చేజోడు మరిచి
ఆకాశాన్ని వట్టి వేలితోని ముట్టిన.

బొమ్మకు మూడు ఫ్రేములు.
లాబ్ నుంచి రీలు వచ్చినంక
చీకట్ల కూసొని చూసినం:
పిల్లగాని తల మీద, నీలం నడుమ
నా బొటనవేలి సుడి,
సెకన్ల ఎనిమిదో వంతు.
వెనక్కి తిప్పిండు. చూసిండు. మల్ల తిప్పిండు.
ఒక్క వెంట్రుక పడ్డదని
నలభై అడుగులు తిరగతీసిన మనిషి.

"కుమో" అన్నడు.
కుమో అంటె మబ్బు.

ఆ నెల జీతంల ఇరవై దిర్హాములు కోసిండు.
మబ్బును మాత్రం కొయ్యలే.

తర్వాత కంప్యూటర్లు దిగినయి.
కెమెరాను కాంటా పెట్టి
తుక్కు సేటు కిలోల లెక్కన కొన్నడు.
హోసోయ సారు రెండు చేజోళ్లు ఉతికి ఆరేసి,
అవి ఆరేదాంక తీగ కింద నిలబడి,
మడిచి జేబుల పెట్టుకొని పోయిండు.
ఇప్పుడు బొమ్మ మరీ శుభ్రంగున్నదని
మిషన్లనే దుమ్ము తయారుచేసి
పైన చల్లుతున్నరని విన్న.
సారు విన్నడో లేదో.

నేను ఇప్పుడు నిజంగనే తాడు మీదున్న,
అల్ మజాజ్ దిక్కు, ఇరవై ఎనిమిదో అంతస్తు.
తల కిందికి వంచితె
కార్ల పొర, ఖర్జూరం చెట్ల పొర,
ఖోర్ నీళ్ల పొర, ఆ అవతల
జరిగీ జరగని ఓడ.
ఎవరు జరుపుతున్నరో గాని
దగ్గరివి మస్తు తొందరగ పోతున్నయి.

కింద ఫోర్‌మన్ విజిలేస్తున్నడు.
ఇరాక్ దిక్కు ఆకాశం పచ్చబడ్డది.
సగం అద్దమే తుడిచిన.